కబాంగ్: మోకెన్ జాతి పడవ, జీవనం

మయన్మార్ దక్షిణ తీరానికి ఎదురుగా మెర్గుయ్ ద్వీపసమూహంలో దాదాపు 800 దీవులున్నాయి. ఆ దీవుల నుంచి థాయిలాండ్‌కు చెందిన సురిన్ దీవుల దాకా, తరతరాలుగా పడవనే ఇంటిగా చేసుకుని జీవించిన జాతి మోకెన్. వీరి భాష, మలయ్ భాష చేరిన ఆస్ట్రోనేషియన్ కుటుంబానికి చెందినదే. థాయిలు వీరిని 'సముద్ర జనం' అనే అర్థంలో చావో లే అంటారు.

వీరి పడవ పేరు కబాంగ్. ఒకే మానును తొలిచి, నిప్పుసెగతో వెడల్పు చేసి అడుగుభాగాన్ని సిద్ధపరిచేవారు. దానిపై సలక్కా అనే ముళ్ల తాటిజాతి చెట్టు మట్టలను వరుసలుగా పేర్చి ప్రక్కలు లేపేవారు. తేలికైన ఆ మట్టలు నీటికి ఉబ్బి సందులను మూసేవి. తెరచాపను మొగలి జాతి ఆకులతో అల్లేవారు.

పడవ భాగాలకు మోకెన్లు దేహభాగాల పేర్లు పెట్టుకున్నారు. ముందూ వెనుకా కనిపించే గంట్లలో ముందుది నోరు, వెనుకది మలద్వారం. సిబియాన్ అనే రాణి, తన చెల్లెలు కెన్‌తో భర్త గమన్ సంబంధం పెట్టుకున్నందుకు మోకెన్లను సముద్రం పాలు చేసిందని వీరి పురాణగాథ చెబుతుంది. ఆ శిక్షను గుర్తుచేస్తూ, తిన్నది విసర్జించే దేహంలాగే పడవ కూడా దేనినీ కూడబెట్టకూడదన్నది ఆ గంట్లకు వారిచ్చే అర్థం.

ఈ భావానికి తగినట్టే వారి ఏడాది సాగేది. పొడికాలంలో బంధువుల పడవలు గుంపుగా కదిలేవి. నైరుతి ఋతుపవనాల నెలల్లో తీరాన గుడిసెలు వేసుకునేవారు. వల కంటే ఈటెకే అలవాటుపడిన వీరు నాటి అవసరానికి సరిపడా చేపలను పొడిచి తెచ్చుకునేవారు. సముద్ర దోసకాయలు అనే జీవులను, ముత్యపు చిప్పలను తౌకే అనే మధ్యవర్తులకు ఇచ్చి బియ్యం పొందేవారు.

1981లో సురిన్ దీవులు జాతీయ ఉద్యానవనం కావడంతో పడవకు కావలసిన మాను కొట్టడానికి ఆంక్షలు ఎదురయ్యాయి. మట్టల స్థానంలో పలకలు, తెరచాప స్థానంలో ఇంజన్లు వచ్చాయి. అయినా 2004 డిసెంబరు 26న సునామీకి ముందు సముద్రం వెనక్కి తగ్గినప్పుడు, మనుషులను మింగే లబూన్ అలను గురించి తాతలు చెప్పిన మాట సురిన్ పెద్దలకు గుర్తుకొచ్చింది; జనాన్ని ఎత్తైన చోటికి తరలించడంతో, ఊరు కొట్టుకుపోయినా దాదాపు అందరి ప్రాణాలూ దక్కాయి. అంతటి జ్ఞానాన్ని తరం నుంచి తరానికి మోసుకొచ్చింది కబాంగ్ బతుకే గనుక, ఆ పడవను చెక్కే చేతులకు మాను అందేలా చూడడం, ఆ జ్ఞానాన్ని కాపాడుకోవడంలో మొదటి పని.