అరువు గొంతు నుంచి ఎల్పీ రికార్డు దాకా

ఒకప్పుడు అన్నవరం కొండ కింద పెళ్లంటే మైకుసెట్టు మోగాల్సిందే. మైకుసెట్టువాడి పెట్టెలో ఘంటసాల పాటల పక్కన ‘ముత్యాల ముగ్గు’ మాటల రికార్డు కూడా ఉండేది. పాటలు కావు, మాటలు. అవైనా హీరోవి కావు, పచ్చని కాపురంలో నిప్పులు పోసే కాంట్రాక్టరువి. శుభమా అని పెళ్లి చేసుకుంటూ ఈ మాటలు వినడమేమిటని ఎవరికీ తోచలేదు.

ఆ గొంతు రావు గోపాలరావుది. 1937 జనవరి 14న కాకినాడ దగ్గర గంగనపల్లిలో పుట్టారు. అన్నవరం వాళ్లకు పక్కూరాయన కిందే లెక్క. నాటకాలతో మొదలుపెట్టారు. ‘కీర్తిశేషులు’లో ఆయన నటన చూసిన ఎస్వీ రంగారావు దర్శకుడు గుత్తా రామినీడుకు చెప్పారు. అలా ‘భక్త పోతన’ (1966)కు సహాయ దర్శకుడిగా పనిచేస్తూ అందులోనే ఓ వేషం వేశారు.

‘జగత్ కిలాడీలు’ (1969)లో కాస్త పెద్ద వేషమే దొరికింది. తీరా సినిమా బయటికొచ్చేసరికి మనిషి ఆయనే, మాట మాత్రం ఇంకొకరిది. ఆయన గొంతు బాగోలేదట!

అదే కాలంలో ఇటలీలో మారియో బ్రేగా అనే భారీ మనిషి సెర్జియో లియోనె కౌబాయ్ సినిమాల్లో క్లింట్ ఈస్ట్‌వుడ్‌కు ఎదురు నిలిచే దుర్మార్గుడిగా కనిపించేవాడు. ఆయనకూ డబ్బింగు గొంతే. అయితే అక్కడ అది అవమానం కాదు, రివాజు. షూటింగ్ ముందు, మాటలు తర్వాత. 1980 నుంచి కార్లో వెర్దోనె హాస్యచిత్రాల్లో తన రోమ్ యాసలో నోరు విప్పాకే బ్రేగా జనానికి సొంతమనిషయ్యాడు.

మనాయనకు ఆ అవకాశం 1975లో ‘ముత్యాల ముగ్గు’తో వచ్చింది. దర్శకుడు నరసాపురం బాపు, మాటలు రాసిన ధవళేశ్వరం ముళ్లపూడి వెంకటరమణ: ఇద్దరూ గోదావరి వాళ్లే. విలనంటే కళ్లెర్రజేసి గర్జించాలనుకునే రోజుల్లో వీళ్ల కాంట్రాక్టరు పొద్దున్నే సూర్యోదయం చూసి మురిసిపోతాడు. వెనక సన్నాయి మేళం. పక్కన ‘సెగట్రీ’. పని చేసిపెట్టినవాడు డబ్బు దగ్గర పేచీ పెడితే కారు డిక్కీలో పడుకోబెట్టడం గురించి కూడా అంతే నిదానంగా, పెళ్లి భోజనాల లెక్క చూస్తున్నట్టు మాట్లాడతాడు. మా వైపు వెటకారం అదే. గొంతు పెంచరు, మాటను కాస్త సాగదీసి వదిలేస్తారు. తగలాల్సినవాడికి తగులుతుంది. అరువు గొంతుతో అది జరిగే పని కాదు.

ఆ తర్వాత ఊపిరాడనన్ని వేషాలు. ‘వేటగాడు’ (1979)లో జంధ్యాల రాసిన ప్రాసలు పిల్లలకు కూడా కంఠతా వచ్చేవి. నాకు మాత్రం అవి కొంతసేపటికి మొహం మొత్తుతాయి. ‘మన ఊరి పాండవులు’ (1978) దొర, ‘భక్త కన్నప్ప’ (1976) పూజారి అంతకంటే గట్టి పాత్రలు. ఆ పూజారి బయటికి భక్తి, లోపల బేరం. అన్నవరం కొండ రత్నగిరి నీడన పెరిగినవాళ్లకు పూజారుల మాటతీరు కొత్త కాదు గనక, అక్కడ ఆయన నటన ఎంత నిక్కచ్చిగా ఉందో ఇట్టే తెలుస్తుంది.

హాస్యనటుడు అల్లు రామలింగయ్య పక్కనుంటే రావు గోపాలరావు పని సగం తేలికయ్యేది. ఈయన చురక వేస్తే రామలింగయ్య ఉలిక్కిపడతాడు, హాలు నవ్వుతుంది. సినిమాలతో పాటు 1986 నుంచి 1992 దాకా రావు గోపాలరావు రాజ్యసభలోనూ కూర్చున్నారు.

1994 జులైలో రోమ్‌లో బ్రేగా పోయాడు. ఆగస్టు 13న రావు గోపాలరావు పోయారు, యాభై ఏడేళ్లకే. డిసెంబరులో నటి సూర్యకాంతం కూడా వెళ్లిపోయారు. ఆమెదీ కాకినాడ పక్క పల్లెటూరే.

కొడుకు రావు రమేష్ ‘కొత్త బంగారు లోకం’ (2008)లో లెక్చరరుగా జనం కళ్లలో పడ్డారు. తండ్రిని దించేయలేదు, అది మంచిపనే. మాటకూ మాటకూ మధ్య తీసుకునే ఆ చిన్న విరామం మాత్రం ఇంటిదే అనిపిస్తుంది.