నాష్‌విల్ విద్యార్థుల ఓర్పు



ఒక అంగడిలో సరకు కొనుటకు అర్హుడైన మనుష్యుడు అచ్చటనే కూర్చుండి భుజించుటకు అనర్హుడగునా? అమెరికా దక్షిణ రాష్ట్రములలో 1960 నాటికి ఆచారమట్లే యుండెను. వర్తకులు నల్లజాతివారి సొమ్ము పుచ్చుకొనెడివారు. ఫలాహారపు బల్లయొద్ద మాత్రము వారిని కూర్చుండనిచ్చెడివారు కారు. టెన్నెసీ రాష్ట్రమందలి నాష్‌విల్ నగరమున విద్యార్థులు దీనిని ఎదిరించిన విధమును నేడు మీకు మనవి చేసెదను.

వారికి శిక్షణ నొసగినవాడు జేమ్స్ లాసన్ అను నల్లజాతి యువకుడు. ఈయన 1953లో క్రైస్తవ మతప్రచారకుడుగా మన దేశమునకు వచ్చి, నాగపురమందలి హిస్లాప్ కళాశాలలో పనిచేయుచు, గాంధీమహాత్ముని సత్యాగ్రహ మార్గమును పరిశీలించెను. స్వదేశమునకు మరలిన పిమ్మట విద్యార్థులను చేరదీసి, కొందరిచే తిట్టించి, త్రోయించి, తక్కినవారిచే ఓర్పును అభ్యసింపజేసెను.

1960 ఫిబ్రవరి 1న ఉత్తర కరోలినాలోని గ్రీన్స్‌బరో పట్టణమున నలుగురు విద్యార్థులు అట్టి బల్లయొద్ద కూర్చుండి కదలరైరి. 13వ తేదీన నాష్‌విల్ విద్యార్థులును బయలుదేరిరి. 27న దుండగులు వారిని కొట్టిరి. ఆసనములనుండి క్రిందికి లాగిరి. వారు తిరిగి చేయి యెత్తలేదు. అయినను రక్షకభటులు నిర్బంధించినది కొట్టినవారిని కాదు, కూర్చున్న విద్యార్థులనే. 80 మందికి పైగా! జుల్మానా చెల్లించుట అన్యాయమునకు తోడ్పడుటయే యని పలువురు చెరసాలకే పోయిరి.

ఏప్రిల్ 19న, వారి పక్షమున వాదించిన న్యాయవాది లూబీగారి యింటిపై ఎవరో ప్రేలుడుమందు విసరిరి. దైవవశమున ఆ దంపతులు బ్రదికిరి. ఆనాడే వేలకొలది జనులు మౌనముగా నగరసభా భవనమునకు నడచిరి. అచ్చట డయాన్ నాష్ అను విద్యార్థిని నగరాధ్యక్షుడు బెన్ వెస్టును సూటిగా అడిగెను: కేవలము వర్ణమును బట్టి మనుష్యుని వేరుచేయుట తప్పా, కాదా? తప్పేయని ఆయన యొప్పుకొనెను. మే 10న ఆరు అంగళ్లలోని బల్లలయొద్ద నల్లజాతివారికిని చోటు దొరకినది. 1964 నాటి చట్టము దేశమంతటను అట్టి భేదమును నిషేధించెను.

కోపము ఎవరును నేర్పకయే వచ్చును. ఓర్పు నేర్చుకొనవలసిన విద్య. ఆ పిల్లలు ముందుగా దానిని నేర్చిరి. కావుననే వారి ప్రశ్నకు పెద్దలు నిజము పలుకవలసి వచ్చెను. మన యింటి పిల్లలు న్యాయమేదని యడిగిననాడు, తప్పును తప్పని యొప్పుకొన్న ఆ నగరాధ్యక్షుని మనమును జ్ఞప్తికి తెచ్చుకొందుము గాక.