అక్షరేఖపై ఋణసంఖ్య: లీలావతి సాక్ష్యం

ఒక సరళరేఖ అక్షాన్ని ఎక్కడ ఖండిస్తుందో కనుగొనడం నేడు పాఠశాల బీజగణితంలో తొలి పాఠాలలో ఒకటి. ఎక్స్‌ను రెట్టించి ఆరు కలిపితే వై వస్తుందనే సమీకరణాన్ని తీసుకుందాం. అడ్డంగా ఉండే ఎక్స్-అక్షంపై ఎక్కడైనా వై విలువ సున్న. కనుక వై స్థానంలో సున్న ఉంచితే ఎక్స్ విలువ ఋణ మూడు; అనగా రేఖ అక్షాన్ని మూలబిందువుకు ఎడమవైపు మూడు ప్రమాణాల దూరంలో ఖండిస్తుంది. రెండు పంక్తులలో ముగిసే ఈ లెక్క వెనుక మూడు భావాలున్నాయి: సున్న ఒక సంఖ్య కావడం, ఋణసంఖ్య దిశను సూచించడం, సమీకరణం రేఖగా రూపొందడం. ఇవి ఒకే దేశంలో, ఒకే కాలంలో వికసించినవి కావు.

మొదటి భావానికి 628లో బ్రహ్మగుప్తుడు రచించిన బ్రాహ్మస్ఫుట సిద్ధాంతం ప్రధాన సాక్ష్యం. ధనసంఖ్యను ఆస్తిగా, ఋణసంఖ్యను అప్పుగా భావించి, సున్నతో సహా వాటిని కూడడానికీ, తీసివేయడానికీ, గుణించడానికీ ఆయన సూత్రాలు చెప్పాడు. ఒకే అవ్యక్తరాశి గల సమీకరణాన్ని సాధించే పద్ధతినీ అందులోనే ఇచ్చాడు.

అయితే అప్పుకు పరిమాణమే గాని రేఖపై స్థానం లేదు. ఆ స్థానం 1150 నాటి భాస్కరాచార్యుని లీలావతిలో స్పష్టంగా కనిపిస్తుంది. ఒక త్రిభుజంలో భూమి 9, భుజాలు 10, 17. శీర్షం నుంచి దించిన లంబం భూమిని ఎక్కడ తాకుతుంది? సూత్రాన్ని అనుసరిస్తే ఒక ఖండం ఋణ 6 అని వస్తుంది. భాస్కరుడు దానిని త్రోసిపుచ్చలేదు. అది వ్యతిరేక దిశలో ఉన్నదని వివరించాడు. లంబం భూమిపై గాక, పొడిగించిన రేఖపై ఆరు ప్రమాణాల అవతల పడుతుంది. రెండవ ఖండం 15, లంబం 8. అదే భాస్కరుడు తన బీజగణిత గ్రంథంలోని కోతుల లెక్కలో, ఋణరాశికి దారితీసే సమాధానాన్ని లోకం ఒప్పదంటూ విడిచిపెట్టాడు. కోతుల గుంపులో అర్థం లేని ఋణసంఖ్యకు రేఖపై అర్థం ఉన్నదని ఆయన గుర్తించాడన్నమాట.

మూడవ భావం ఫ్రాన్సు దేశానిది. ప్రథమ ఘాత సమీకరణం సరళరేఖను సూచిస్తుందని ఫెర్మా నిరూపించాడు. ఆ రచన ఆయన మరణానంతరం 1679లో అచ్చయింది. డెకార్ట్ జ్యామితి గ్రంథం 1637లో వెలువడింది. కాని డెకార్ట్ ఋణమూలాలను అసత్యమూలాలనే వ్యవహరించాడు. రెండు అక్షాలపైనా ఋణ నిరూపకాలను క్రమబద్ధంగా వాడిన రచన 1704లో ప్రచురితమైన న్యూటన్ తృతీయ ఘాత వక్రాల పరిశీలన. బ్రహ్మగుప్త భాస్కరుల గణితాన్ని కోల్‌బ్రూక్ ఆంగ్లంలోకి అనువదించి ప్రకటించినది 1817లో. అప్పటికే నిరూపక జ్యామితి ఐరోపాలో స్థిరపడి ఉంది.

కాబట్టి నిరూపక జ్యామితిని భాస్కరునికి ఆపాదించడం సరికాదు. ఆయన రేఖను సమీకరణంగా వ్రాయలేదు. ఋణసంఖ్యకు రేఖపై దిశను ఐరోపాయే కల్పించిందనడమూ సరికాదు. ప్రాచీన విజ్ఞానాన్ని గురించి పాఠ్యగ్రంథాలలో వ్రాసేవారు ఈ రెండు హద్దులనూ పాటించడం అవసరం. లీలావతిలోని ఆ ఋణ ఆరుకు అతిశయోక్తి అక్కరలేదు; ఉన్నదున్నట్లు చెబితే చాలు.