ఎంటర్‌ప్రైజ్ యాప్ సర్టిఫికెట్

సంస్థలు ఉద్యోగుల కోసం సొంతంగా రాయించుకున్న యాప్‌లను యాప్ స్టోర్‌తో పని లేకుండా ఐఫోన్లలోకి ఎక్కించడానికి వీలు కల్పించే డిజిటల్ పత్రం ఇది. ఆపిల్ జారీ చేస్తుంది. ఇది కావాలంటే సంస్థలో కనీసం 100 మంది ఉద్యోగులుండాలి, ఏటా 299 డాలర్లు కట్టాలి.

యాప్ సిద్ధమయ్యాక సంస్థ తన ప్రైవేట్ కీతో దానిపై డిజిటల్ సంతకం చేస్తుంది. ఫోన్ ఆ సంతకాన్ని సర్టిఫికెట్‌లోని పబ్లిక్ కీతో సరిచూసి, ఆ సర్టిఫికెట్‌ను నిజంగా ఆపిలే ఇచ్చిందో లేదో కూడా చూస్తుంది. సంతకం తర్వాత కోడ్‌లో ఒక్క బైటు మారినా యాప్ తెరుచుకోదు. యాప్ వెంట ప్రొవిజనింగ్ ప్రొఫైల్ అనే మరో ఫైలు ఉంటుంది. యాప్‌కు ఏయే అనుమతులున్నాయో అందులో రాసి ఉంటుంది. సర్టిఫికెట్ గడువు మూడేళ్లు, ప్రొఫైల్‌ది ఏడాదే. రెన్యువల్ మరిచిపోతే బాగా నడుస్తున్న యాప్ కూడా అందరి ఫోన్లలో మూగబోతుంది.

సంస్థ ఫోన్లను అదుపులో ఉంచే ఎండీఎం సాఫ్ట్‌వేర్ ద్వారా వచ్చిన యాప్‌ను ఫోన్ వెంటనే నమ్ముతుంది. ఉద్యోగి మానేస్తే యాప్‌నూ, అందులోని డేటానూ దూరం నుంచే తీసేయవచ్చు.

అయితే సర్టిఫికెట్ చెప్పేది యాప్ ఎవరిదన్నదే. అది ఏం చేస్తుందో చెప్పదు. 2014లో బయటపడ్డ వైర్‌లర్కర్ మాల్‌వేర్ ఇలాంటి సర్టిఫికెట్‌తోనే ఐఫోన్లలో చొరబడింది. 2019 జనవరిలో ఇంకా పెద్ద పేరే బయటికొచ్చింది. ఫేస్‌బుక్ తన ఉద్యోగుల కోసం తీసుకున్న సర్టిఫికెట్‌తో బయటి జనానికి, అందులో టీనేజర్లకు కూడా, ‘రీసెర్చ్’ యాప్ పంచింది. నెలకు 20 డాలర్ల వరకు ఇచ్చి వాళ్ల ఫోన్ వాడకాన్ని గమనించింది. ఆపిల్ సర్టిఫికెట్ రద్దు చేసింది. దాంతో ఆ ఒక్క యాప్‌తో పాటు ఫేస్‌బుక్ ఉద్యోగుల రవాణా యాప్, భోజనాల మెనూ యాప్, ఇంకా విడుదల కాని ఇన్‌స్టాగ్రామ్, మెసెంజర్ వెర్షన్లు అన్నీ ఆగిపోయాయి. మర్నాడు గూగుల్‌కూ ఇదే జరిగింది. రెండింటికీ త్వరలోనే తిరిగి అనుమతి దొరికింది. చిన్న సంస్థకైతే అంత త్వరగా దొరికేదా అన్నది వేరే మాట.

ఆండ్రాయిడ్‌లో పైనుండి సర్టిఫికెట్ జారీ చేసేవారు లేరు. డెవలపరే తయారు చేసుకుంటాడు. కాబట్టి అక్కడ దాని ముఖ్యమైన పని, పాత యాప్‌కు వచ్చిన అప్‌డేట్ అదే చేతి నుంచి వచ్చిందని తేల్చడం. కీ మార్చుకునే వెసులుబాటు ఆండ్రాయిడ్ 9తో వచ్చింది.