జర్మన్, జపనీస్ కోచింగ్‌కు ఫీజు కడుతున్నారా? ముందు ఈ లెక్కలు చూసుకోండి

‘ఆరు నెలల్లో బీ2... జర్మనీలో ఉద్యోగం గ్యారంటీ’. హైదరాబాద్‌లో అమీర్‌పేట నుంచి దిల్‌సుఖ్‌నగర్ దాకా, విజయవాడ, విశాఖపట్నంలోనూ ఇలాంటి బోర్డులు కనిపిస్తూనే ఉన్నాయి. ఫోన్ తెరిస్తే రీల్స్‌లోనూ అవే ప్రకటనలు.

ఒకప్పుడు విదేశాలంటే ఇంగ్లిష్ పరీక్ష రాస్తే సరిపోయేది. ఇప్పుడు నర్సింగ్ చదివినవాళ్లు జర్మన్ నేర్చుకుంటున్నారు. డిప్లొమా పూర్తయినవాళ్లు జపనీస్ క్లాసులకు వెళ్తున్నారు. కెనడాలో స్థిరపడాలనుకునే సాఫ్ట్‌వేర్ ఉద్యోగులు ఫ్రెంచ్ పుస్తకాలు పట్టుకుంటున్నారు.

మరి ఈ కోర్సుకు డబ్బు కట్టేముందు ఏం చూసుకోవాలి? మీకు నిజంగా ఏ లెవెల్ అవసరం? దానికి ఎంత సమయం పడుతుంది? ప్రభుత్వం తరఫున దొరికే శిక్షణ ఏమైనా ఉందా?

భాషలకు ఇంత గిరాకీ ఎందుకు?

ప్రధాన కారణం ఆయా దేశాల్లో పనిచేసే వయసువారు తగ్గిపోవడమే. జర్మనీ, జపాన్‌లలో వృద్ధుల సంఖ్య పెరుగుతోంది. ఆస్పత్రుల్లో, వృద్ధాశ్రమాల్లో, ఫ్యాక్టరీల్లో పనిచేసేవాళ్లు చాలడం లేదు.

భారతీయ నిపుణులకు ఏటా ఇచ్చే వీసాల సంఖ్యను 20 వేల నుంచి 90 వేలకు పెంచాలని జర్మనీ 2024 అక్టోబరులో నిర్ణయించింది. జపాన్ 2019 ఏప్రిల్‌లో ‘స్పెసిఫైడ్ స్కిల్డ్ వర్కర్’ అనే కొత్త వీసా తెచ్చింది. దీనిపై భారత్, జపాన్‌ల మధ్య 2021 జనవరిలో ఒప్పందం కుదిరింది. కెనడా 2023 నుంచి ఎక్స్‌ప్రెస్ ఎంట్రీలో ఫ్రెంచ్ వచ్చినవారికి ప్రత్యేకంగా డ్రాలు తీస్తోంది.

మరోవైపు అమెరికా 2025 సెప్టెంబరులో కొత్త హెచ్1బీ దరఖాస్తులకు లక్ష డాలర్ల ఫీజు ప్రకటించింది. దీంతో తెలుగు కుటుంబాల్లో ‘వేరే దేశం చూద్దామా’ అనే మాట ఎక్కువైంది.

అంటే భాష నేర్పే వ్యాపారం ఇప్పుడు చదువు కంటే ఉద్యోగం, వీసాల చుట్టూనే ఎక్కువగా తిరుగుతోంది. కోచింగ్ సెంటర్ అమ్మేది కోర్సు. వీసా అధికారి అడిగేది గుర్తింపు పొందిన పరీక్ష సర్టిఫికెట్. ఈ రెండూ ఒకటి కావు. చాలామంది డబ్బు నష్టపోయేది ఈ తేడా తెలియకే.

ఏ1, బీ2 అంటే ఏమిటి?

యూరప్ భాషల స్థాయిని కొలిచే పద్ధతిని ‘కౌన్సిల్ ఆఫ్ యూరప్’ 2001లో ప్రచురించింది. ఇందులో ఆరు మెట్లుంటాయి.

* ఏ1, ఏ2: ప్రాథమిక స్థాయి. పేరు, ఊరు చెప్పడం, దుకాణంలో అడిగి కొనుక్కోవడం వంటివి.
* బీ1, బీ2: స్వతంత్రంగా మాట్లాడగలిగే స్థాయి. బీ2 ఉంటే రోగి చెప్పేది అర్థం చేసుకుని, డాక్టరుకు వివరించగలగాలి.
* సీ1, సీ2: ఉన్నత స్థాయి. వృత్తిపరమైన, ఉన్నత విద్యకు సంబంధించిన విషయాలను ధారాళంగా మాట్లాడటం, రాయడం.

జపనీస్‌కు లెక్క వేరు. జేఎల్‌పీటీ పరీక్షలో ఎన్5 నుంచి ఎన్1 వరకు ఐదు స్థాయిలుంటాయి. ఎన్5 అన్నింటికంటే తేలిక, ఎన్1 అన్నింటికంటే కష్టం. పరీక్ష ఏటా జులై, డిసెంబరుల్లో జరుగుతుంది. ఒకసారి తప్పితే మళ్లీ నెలల తరబడి ఆగాలి.

మీకు కావాల్సిన లెవెల్ ఏది?

* జర్మనీలో నర్సుగా గుర్తింపు: సాధారణంగా బీ2 అడుగుతారు. కొన్ని పథకాల్లో ఇక్కడ బీ1 పూర్తిచేసి వెళ్లి, అక్కడ బీ2 రాసే వీలుంది.
* జర్మనీలో ‘ఔస్‌బిల్డుంగ్’ (పనిచేస్తూ నేర్చుకునే వృత్తి శిక్షణ): సాధారణంగా బీ1.
* జర్మనీ ‘ఆపర్చునిటీ కార్డు’ (ఉద్యోగం వెతుక్కోవడానికి ఏడాది వరకు ఉండనిచ్చే కార్డు): పాయింట్ల పద్ధతిలో వెళ్లేవారికి కనీసం జర్మన్ ఏ1 గానీ, ఇంగ్లిష్ బీ2 గానీ ఉండాలి. భాష స్థాయి పెరిగితే పాయింట్లూ పెరుగుతాయి. ఇది 2024 జూన్‌లో మొదలైంది.
* జర్మనీలో ఉన్న భర్త లేదా భార్య దగ్గరకు వెళ్లడం: సాధారణంగా ఏ1. అక్కడున్నవారికి బ్లూ కార్డు ఉంటే ఈ నిబంధన వర్తించదు.
* జపాన్ స్పెసిఫైడ్ స్కిల్డ్ వర్కర్: ఎన్4 లేదా జేఎఫ్‌టీ బేసిక్ పాస్ కావాలి. దీనికి తోడు పనికి సంబంధించిన నైపుణ్య పరీక్ష ఉంటుంది. వృద్ధుల సంరక్షణ పనికైతే దానికి సంబంధించిన జపనీస్ పరీక్ష అదనం.
* కెనడా ఫ్రెంచ్ కేటగిరీ: చదవడం, రాయడం, వినడం, మాట్లాడటం నాలుగింటిలోనూ ఎన్‌సీఎల్‌సీ 7. టీఈఎఫ్ కెనడా, టీసీఎఫ్ కెనడా పరీక్షల స్కోర్లు తీసుకుంటారు.
* బ్రిటన్ స్కిల్డ్ వర్కర్ వీసా: ఇంగ్లిష్ అర్హతను 2026 జనవరి 8 నుంచి కొత్త దరఖాస్తుదారులకు బీ1 నుంచి బీ2కు పెంచారు.

ఈ నిబంధనలు మారుతుంటాయి. ఫీజు కట్టే రోజున ఆయా దేశాల రాయబార కార్యాలయం లేదా ఇమిగ్రేషన్ వెబ్‌సైట్‌లో మరోసారి చూసుకోండి. కౌన్సెలర్ చెప్పిన మాటపైనే ఆధారపడొద్దు.

ఆరు నెలల్లో బీ2 సాధ్యమేనా?

ఇక్కడే లెక్క వేయాలి. జర్మన్ పరీక్షలు నిర్వహించే గోథే ఇన్‌స్టిట్యూట్ ప్రకారం, సున్నా నుంచి మొదలుపెట్టినవారు బీ1 చేరడానికి 350 నుంచి 650 పాఠాలు, బీ2 చేరడానికి 600 నుంచి 800 పాఠాలు అవసరం. ఒక్కో పాఠం 45 నిమిషాలు. ఈ లెక్కన బీ2కు 450 నుంచి 600 గంటల క్లాసులు కావాలి.

మీ క్లాసు రోజుకు రెండు గంటలు, వారానికి ఐదు రోజులు అనుకుందాం. వారానికి పది గంటలు. అంటే బీ2కు 45 నుంచి 60 వారాలు. ఏడాది పట్టినట్టే. ఇంట్లో చదువుకునే సమయం దీనికి అదనం.

అదే ఆరు నెలల్లో పూర్తిచేయాలంటే వారానికి ఐదు రోజుల చొప్పున రోజూ మూడున్నర నుంచి నాలుగున్నర గంటలు క్లాసులో కూర్చోవాలి. ఉద్యోగం మానేసి, హాస్టల్‌లో ఉండి చదివేవారికి అది సాధ్యం కావచ్చు. నైట్ డ్యూటీ చేసి వచ్చి ఆన్‌లైన్ క్లాసు వినే నర్సుకు దాదాపు అసాధ్యం. కాబట్టి ‘ఎన్ని నెలలు’ అని కాదు, ‘మొత్తం ఎన్ని గంటల క్లాసులు’ అని అడగండి. ఆ సంఖ్యను రసీదుపైనో, ఒప్పంద పత్రంపైనో రాయించుకోండి.

పరీక్ష ఎవరు పెడతారు?

కోచింగ్ సెంటర్ ఇచ్చే ‘కోర్సు పూర్తి’ సర్టిఫికెట్ మీరు క్లాసులకు హాజరయ్యారని మాత్రమే చెబుతుంది. వీసాకు ఆయా దేశాలు గుర్తించిన పరీక్ష పాస్ కావాలి. జర్మన్‌కు గోథే, టెల్క్, ఓఎస్‌డీ వంటి పరీక్షలున్నాయి. హైదరాబాద్‌లోని గోథే సెంట్రుమ్‌లో గోథే పరీక్షలు రాయొచ్చు. చెన్నై, బెంగళూరుల్లోని మ్యాక్స్‌ముల్లర్ భవన్‌లలోనూ రాసే వీలుంది. అక్కడ కోర్సు చదవనివారు కూడా పరీక్షకు దరఖాస్తు చేసుకోవచ్చు.

గోథే బీ1, బీ2లలో చదవడం, వినడం, రాయడం, మాట్లాడటం అనే నాలుగు భాగాలుంటాయి. ఒక్కోదాంట్లో 60 శాతం రావాలి. ఒక భాగంలో తప్పితే ఆ ఒక్కటే మళ్లీ రాసుకోవచ్చు. ఏ1, ఏ2లకు ఈ వెసులుబాటు లేదు. మొత్తం పరీక్ష మళ్లీ రాయాల్సిందే.

పరీక్ష ఫీజు కోర్సు ఫీజులో కలిసి ఉందా, విడిగా కట్టాలా? తప్పితే రెండోసారి ఫీజు ఎవరిది? ఈ రెండూ ముందే తేల్చుకోండి. ‘పరీక్ష రాయకుండానే సర్టిఫికెట్ ఇప్పిస్తాం’ అని ఎవరైనా అంటే అక్కడి నుంచి వచ్చేయండి. సర్టిఫికెట్ అసలుదో నకిలీదో సరిచూసుకునే వ్యవస్థ పరీక్ష సంస్థల దగ్గర ఉంటుంది. దొరికితే వీసా తిరస్కరణతో పాటు కేసు కూడా మీ మెడకే చుట్టుకుంటుంది.

యాప్‌లు, ఏఐ సరిపోవా?

ఈ రంగంలో పెద్ద మార్పు ఇదే. డ్యుయోలింగో 2023 మార్చిలో జీపీటీ 4తో పనిచేసే ఫీచర్లు తెచ్చింది. 2025 ఏప్రిల్‌లో ఏఐ సాయంతో ఒకేసారి 148 కొత్త కోర్సులు విడుదల చేసింది. తొలి 100 కోర్సుల తయారీకి తమకు దాదాపు 12 ఏళ్లు పట్టిందని ఆ సంస్థే చెప్పింది.

పదాలు గుర్తుపెట్టుకోవడానికి, రోజూ కాసేపు సాధన చేయడానికి, బిడియం లేకుండా మాట్లాడి చూసుకోవడానికి యాప్‌లు బాగా ఉపయోగపడతాయి. కానీ యాప్‌లో వచ్చే లెవెల్, స్కోరు వీసాకు పనికిరావు. మీరు రాసిన ఉత్తరాన్ని దిద్ది, ఉచ్చారణ సరిచేసే టీచరు అవసరం బీ1 తర్వాత ఎక్కువగా ఉంటుంది.

మరో మెలిక: డ్యుయోలింగో యాప్ వేరు, ‘డ్యుయోలింగో ఇంగ్లిష్ టెస్ట్’ వేరు. ఆ టెస్టు స్కోరును చాలా విశ్వవిద్యాలయాలు ప్రవేశాలకు తీసుకుంటాయి. కెనడా ఎక్స్‌ప్రెస్ ఎంట్రీకి మాత్రం చెల్లదు.

తక్కువ ఖర్చుతో ఎక్కడ నేర్చుకోవచ్చు?

* టామ్‌కామ్: తెలంగాణ కార్మిక శాఖ పరిధిలోని విదేశీ ఉపాధి సంస్థ. జర్మనీ, జపాన్‌లకు నర్సులు, ఇతర సిబ్బందిని పంపే కార్యక్రమాల్లో భాగంగా భాషా శిక్షణ ఇస్తుంటుంది.
* ఆంధ్రప్రదేశ్‌లో: రాష్ట్ర నైపుణ్యాభివృద్ధి సంస్థ, విదేశీ ఉపాధి సంస్థ ఓంక్యాప్ ప్రకటనలను గమనిస్తుండండి.
* ట్రిపుల్ విన్: జర్మనీ ప్రభుత్వ ఉపాధి సంస్థ, జీఐజెడ్ కలిసి 2013 నుంచి నడుపుతున్న నర్సుల నియామక కార్యక్రమం. ఇందులో ఖర్చు జర్మనీలోని యజమానిదే. నర్సుల దగ్గర నియామక ఫీజు తీసుకోరు.
* ఇఫ్లూ: హైదరాబాద్‌లోని ఈ కేంద్రీయ విశ్వవిద్యాలయం విదేశీ భాషల్లో పార్ట్‌టైమ్ కోర్సులు కూడా నడుపుతుంది.
* రామకృష్ణ మఠం: హైదరాబాద్ దోమలగూడలోని వివేకానంద ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ లాంగ్వేజెస్ 1979 నుంచి భాషలు నేర్పుతోంది.
* ఇంటి నుంచే: ఎన్‌పీటెల్‌లో ఐఐటీ అధ్యాపకుల జర్మన్, జపనీస్ పాఠాలు ఉచితంగా వినొచ్చు. జర్మనీ ప్రసార సంస్థ డాయిషే వెల్లె ‘నికోస్ వేక్’ వీడియో కోర్సు ఏ1 నుంచి బీ1 దాకా ఉచితం.

భాష మీకు పడుతుందో లేదో తెలియకముందే పెద్ద మొత్తం కట్టడం కంటే, ఒక నెల ఈ ఉచిత పాఠాలు వినడం మేలు.

‘ఉద్యోగం గ్యారంటీ’ అంటే నమ్మొచ్చా?

భాష నేర్పడం ఒక పని. విదేశీ ఉద్యోగం ఇప్పించడం మరో పని. రెండోది చేయాలంటే 1983 ఎమిగ్రేషన్ చట్టం కింద కేంద్ర విదేశాంగ శాఖ నుంచి రిజిస్ట్రేషన్ ఉండాలి. ఏజెంటు పేరు ‘ఈ-మైగ్రేట్’ వెబ్‌సైట్‌లో ఉందో లేదో వెతకండి. రిజిస్టర్డ్ ఏజెంటు సైతం సర్వీసు చార్జీగా గరిష్ఠంగా రూ.30 వేలు, దానిపై జీఎస్టీ మాత్రమే తీసుకోవాలి. కోర్సు ఫీజు, ప్రాసెసింగ్ ఫీజు, ప్లేస్‌మెంట్ ఫీజు అన్నీ కలిపి ఒకే మొత్తంగా అడిగితే, దేనికెంతో విడివిడిగా రాసివ్వమనండి.

కోచింగ్ రంగంలో తప్పుదోవ పట్టించే ప్రకటనలను అడ్డుకునేందుకు కేంద్ర వినియోగదారుల పరిరక్షణ ప్రాధికార సంస్థ 2024 నవంబరులో మార్గదర్శకాలు ఇచ్చింది. ఉద్యోగం గ్యారంటీ అంటూ తప్పుడు హామీలివ్వడం వీటి ప్రకారం కుదరదు.

మోసపోతే ఎక్కడ చెప్పాలి?

* ఫీజు వాపసు, చెప్పిన సేవ అందకపోవడం: జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915.
* అక్కడ పరిష్కారం కాకపోతే: జిల్లా వినియోగదారుల కమిషన్. మీరు చెల్లించింది రూ.5 లక్షల లోపైతే ఫిర్యాదుకు ఫీజు లేదు. లాయరును పెట్టుకోవడమూ తప్పనిసరి కాదు.
* ఉద్యోగం పేరుతో మోసం: స్థానిక పోలీస్ స్టేషన్‌తో పాటు హైదరాబాద్‌లోని ప్రొటెక్టర్ ఆఫ్ ఎమిగ్రెంట్స్ కార్యాలయం.

ప్రకటన స్క్రీన్‌షాట్, వాట్సాప్ సందేశాలు, రసీదులు దాచుకోండి. నగదు వద్దు, యూపీఐ లేదా బ్యాంకు ద్వారానే చెల్లించండి.

కట్టేముందు ఈ ఐదూ అడగండి

1. నా వీసాకు ఏ పరీక్ష, ఏ లెవెల్ కావాలి? అది అధికారిక వెబ్‌సైట్‌లో ఎక్కడుంది?
2. మొత్తం క్లాసులు ఎన్ని గంటలు? ఒక బ్యాచ్‌లో ఎంతమంది?
3. పాఠం చెప్పే టీచరు స్వయంగా ఏ లెవెల్ పాసయ్యారు?
4. ఫీజు లెవెల్‌కు ఒకసారి కట్టొచ్చా? మధ్యలో మానేస్తే ఎంత వెనక్కి ఇస్తారు?
5. మీ దగ్గర చదివి గత ఏడాది పరీక్ష పాసైన ఇద్దరితో మాట్లాడించగలరా?

నాలుగో ప్రశ్న మరీ ముఖ్యం. ఏ1 నుంచి బీ2 దాకా ఒకేసారి కట్టేస్తే, ఏ2లో టీచరు నచ్చకపోయినా కదల్లేరు. ముందు ఏ1కు మాత్రమే కట్టండి. ఆ పరీక్ష పాసయ్యాక తర్వాతి మెట్టు సంగతి చూడొచ్చు.