పాదపటం పుట్టుక: ఆక్యుపంక్చర్, రిఫ్లెక్సాలజీ – చారిత్రక పరిశీలన

అరికాలి బొమ్మపై బొటనవేలి వద్ద మెదడును, పాదం నడుమ జీర్ణాశయాన్ని, మూత్రపిండాలను రంగుల గళ్లలో గుర్తించిన పటాలు ప్రకృతి చికిత్సాలయాల గోడలపైన, ఆరోగ్య గ్రంథాలలోను తరచుగా కనిపిస్తాయి. తలనొప్పికి ఒకచోట, అజీర్తికి మరొకచోట నొక్కమని సూచించే ఈ పటం వేల ఏండ్ల నాటి చైనా ఆక్యుపంక్చర్‌లో భాగమని చాలామంది విశ్వాసం. చారిత్రకాధారాలు ఈ విశ్వాసాన్ని బలపరచవు.

చైనా వైద్యంలో పాదానికి ప్రాధాన్యం ప్రాచీనమైనదే. హునాన్ రాష్ట్రంలోని మావాంగ్‌దుయ్ వద్ద 1973లో జరిపిన తవ్వకాలలో, క్రీ.పూ. 168లో మూసివేసిన సమాధి నుండి పట్టువస్త్రంపై రాసిన వైద్యగ్రంథాలు లభించాయి. వాటిలో ఒకటి పదకొండు ప్రవాహమార్గాలను వర్ణిస్తుంది. అందులో ఆరు పాదానికి, ఐదు చేతికి చెందినవి. పాదమార్గాలనే ముందు చెప్పడం గమనార్హం. అయితే ఆ గ్రంథంలో సూదుల ప్రసక్తి లేదు. బిందువుల పేర్లూ లేవు. మాచిపత్రి జాతి ఎండుటాకుల పొడిని కాల్చి ఆ మార్గంపై వేడి పట్టించడమే అందులోని చికిత్స. అంటే సూదికన్నా, బిందువుకన్నా మార్గమనే భావనే ముందు రూపుదిద్దుకున్నదని ఊహించవచ్చు.

అనంతరం సంకలితమైన ‘హువాంగ్‌డీ నేయ్‌జింగ్’లో మార్గాలు పన్నెండయ్యాయి. జీర్ణాశయ, మూత్రాశయ, పిత్తాశయ మార్గాలు తల నుండి దిగివచ్చి కాలివేళ్ల వద్ద ముగుస్తాయి. ప్లీహ, యకృత్, మూత్రపిండ మార్గాలు పాదం వద్ద మొదలై పైకి సాగుతాయి. వేళ్ల కొసల నుండి మోచేతుల, మోకాళ్ల వరకు గల ముఖ్యబిందువులను ఆ గ్రంథం బావి, ఊట, వాగు, నది, సముద్రం వంటి జలరూపాలతో పోల్చింది. కాలి బిందువుతో తలనొప్పిని తగ్గించవచ్చుననే ఆలోచనకు మూలం ఇక్కడే ఉంది. మార్గం తల నుండి పాదం దాకా ఒకటే గనుక, ఒక కొసన చేసిన చికిత్స మరొక కొసన పనిచేస్తుందని ఆ వైద్యులు భావించారు. అంతేగాని పాదంలో దేహమంతా సూక్ష్మరూపంలో ఇమిడి ఉందని వారు చెప్పలేదు. దీనికి బలమైన నిదర్శనం ఒకటుంది. సంప్రదాయ మార్గబిందువులలో అరికాలిపై ఉన్నది ఒక్కటే. అది మూత్రపిండ మార్గానికి తొలి బిందువైన ‘యొంగ్‌చువాన్’, అనగా ఉబికే ఊట. తక్కినవి పాదం పైభాగాన, పక్కల, వేలిగోళ్ల మూలల్లో ఉన్నాయి. అరికాలంతా గళ్లు నిండిన పటం ఈ సంప్రదాయం నుండి రావడం దుస్సాధ్యం.

ఆ పటం జాడ అమెరికాలో దొరుకుతుంది. కనెక్టికట్ రాష్ట్రంలోని హార్ట్‌ఫర్డ్‌లో చెవి, ముక్కు, గొంతు వైద్యుడైన విలియం ఫిట్జెరాల్డ్, ఎడ్విన్ బవర్స్‌తో కలిసి 1917లో ‘జోన్ థెరపీ’ అనే గ్రంథాన్ని వెలువరించాడు. దేహాన్ని నిలువుగా పది మండలాలుగా విభజించి, ఒక మండలంలో ఒకచోట ఒత్తిడి కలిగిస్తే అదే మండలంలో మరొకచోటి నొప్పి తగ్గుతుందని ప్రతిపాదించాడు. అతని సాధనాలు రబ్బరు బ్యాండ్లు, దువ్వెనలు, బట్టల క్లిప్పులు. అతని దృష్టి ప్రధానంగా చేతివేళ్లపైన, నోటిపైన నిలిచింది. పాదానిది అప్పటికి పక్కస్థానమే. ఫ్లోరిడాలో జో షెల్బీ రైలీ అనే వైద్యుని వద్ద పనిచేసిన యూనిస్ ఇంగమ్ (1889–1974) ఈ పద్ధతిని పాదానికి కేంద్రీకరించి, అవయవాలను ఒక్కొక్కటిగా అరికాలిపై గుర్తించింది. 1938లో వచ్చిన ఆమె పుస్తకం ‘స్టోరీస్ ద ఫీట్ కెన్ టెల్’ నేటి పాదపటాలన్నిటికీ మాతృక అనదగినది.

అమెరికా పటానికి చైనా ముద్ర ఎలా పడింది? 1971లో బీజింగ్‌లో అపెండిక్స్ శస్త్రచికిత్స జరిగిన పాత్రికేయుడు జేమ్స్ రెస్టన్, ఆ తరువాతి కడుపు ఉబ్బరానికి మోచేతిలోను, మోకాళ్ల దిగువన సూదులు గుచ్చారని ‘న్యూయార్క్ టైమ్స్’లో రాశాడు. పాశ్చాత్య దేశాలలో ఆక్యుపంక్చర్‌పై ఆసక్తి వెల్లువెత్తింది. ఆ వెల్లువలో కాలిని తాకే ప్రతి చికిత్సా చైనాదిగానే చలామణి అయినట్లు తోస్తుంది. మరోవైపు 1970ల చివర నుండి తైవాన్‌లో స్విస్ మతగురువు జోసెఫ్ యూగ్‌స్టర్ యూరప్ నుండి వచ్చిన పాదమర్దన పద్ధతిని ప్రచారం చేశాడు. పడమటి నుండి తూర్పుకు చేరిన విద్య తూర్పు విద్యగానే తిరిగి ప్రపంచానికి అందింది.

భారతీయ మూలాన్ని వెదికేవారు మర్మశాస్త్రాన్ని ఉదాహరిస్తారు. సుశ్రుతసంహిత పేర్కొన్న 107 మర్మాలలో బొటనవేలికి, పక్కవేలికి నడుమ ‘క్షిప్రం’, అరికాలి మధ్యలో ‘తలహృదయం’ ఉన్న మాట నిజమే. క్షిప్రం యకృత్ మార్గబిందువులకు, తలహృదయం యొంగ్‌చువాన్‌కు సుమారుగా చేరువలోనే ఉన్నాయి. కానీ సుశ్రుతుని ప్రయోజనం వేరు. క్షిప్రానికి గాయమైతే ఆక్షేపకంతో, తలహృదయానికి గాయమైతే తీవ్రవేదనతో మరణం సంభవిస్తుందని ఆయన హెచ్చరించాడు. శస్త్రం తగలకూడని చోట్ల జాబితా అది. పాదసంరక్షణకు ఆయుర్వేదంలో వేరే ప్రకరణం ఉంది. చరకసంహిత పాదాభ్యంగనాన్ని దినచర్యలో భాగంగా చెప్పింది. అక్కడా అవయవపటం లేదు.

ఈ భేదం చరిత్రకారులకే పరిమితమైనది కాదు. ఒకదానిపై జరిగిన పరీక్షను మరొకదానికి సాక్ష్యంగా చూపడం వాడుకలో ఉంది. చిటికెనవేలి గోటి మూలనున్న ‘జీయిన్’ బిందువుకు వేడి పట్టిస్తే గర్భంలో ఎదురుకాళ్లతో ఉన్న శిశువు తిరుగుతుందా అని చైనాలో 260 మంది తొలిచూలు స్త్రీలపై పరిశీలించి, 1998లో అనుకూల ఫలితాన్ని ప్రకటించారు. ఇటలీ ప్రయోగంలో (2005) ఆ ఫలితం పునరావృతం కాలేదు. చికిత్సను సక్రమంగా పాటించనివారు ఎక్కువ కావడంతో దానిని ముందే ఆపివేశారు. ఈ వాదమంతా మార్గబిందువుకు చెందినది. పాదపటం విషయంలో ఎడ్జార్డ్ ఎర్న్‌స్ట్ 2009లో 18 ప్రయోగాలను సమీక్షించి, ఏ వ్యాధికీ అది పనిచేస్తుందనడానికి నమ్మదగిన ఆధారం లేదని తేల్చాడు. పైగా ఇంగమ్ పద్ధతిలో రోగనిర్ణయం నొక్కినప్పుడు కలిగే నొప్పిపై ఆధారపడుతుంది. నొప్పి పుట్టిన గడికి చెందిన అవయవంలో లోపమున్నట్లు లెక్క. మధుమేహం వల్ల స్పర్శజ్ఞానం నశించిన పాదంలో ఏ గడిని నొక్కినా నొప్పి తెలియదు. చర్మం కమిలినా, పుండు పడినా కూడా తెలియదు.