టొటొరో దాకా నడిచిన గీత

1914లో అమెరికన్ చిత్రకారుడు విన్సర్ మెకే, గెర్టీ అనే డైనోసార్‌ను వేల కాగితాల మీద గీసి తెరపై ఆడించాడు. ఆయన వేదిక మీంచి మందలిస్తే తెర మీది గెర్టీ ఏడ్చేది. బొమ్మకూ మనసుంటుందని జనం నమ్మారు. 1937లో డిస్నీ ‘స్నోవైట్’ ఆ నమ్మకాన్ని పూర్తి నిడివి సినిమాగా మలిచింది. అయితే ఆ తరవాత చాలా ఏళ్లు పిల్లల సినిమాలో వింత అంటే మంత్రగత్తె, విషపు పండు, రాకుమారుడు. అంతే!

జపాన్ కూడా మొదట మాయల వెంటే పడింది. 1958లో తోయే సంస్థ తీసిన ‘హకుజాదెన్’ ఆ దేశపు తొలి రంగుల పూర్తి నిడివి యానిమేషన్ చిత్రం. తెల్లపాము కన్యగా మారే చైనా కథ అది. దాన్ని చూసి ముగ్ధుడైన హైస్కూలు కుర్రాడు హయావో మియజాకి 1963లో అదే సంస్థలో చేరాడు. అక్కడే ఇసావో తకహాతా తోడయ్యాడు. ఇద్దరూ కలిసి పనిచేసిన 1974 నాటి టీవీ సీరియల్ ‘హైదీ’ కోసం బృందం స్విట్జర్లాండ్ దాకా వెళ్లి కొండలూ ఇళ్లూ చూసి వచ్చింది. జున్ను కరిగించడం, ఎండుగడ్డి పరుపు మీద పడుకోవడం లాంటివే అందులో పెద్ద సంఘటనలు. నన్నడిగితే మియజాకి తర్వాత తీసిన ‘టొటొరో’కి బీజం పడింది ఇక్కడే, తెల్లపాము కథలో కాదు.

1985లో వాళ్ల గిబ్లీ స్టూడియో పుట్టింది. 1988 ఏప్రిల్ 16న ‘మై నైబర్ టొటొరో’ విడుదలైంది, తకహాతా తీసిన ‘గ్రేవ్ ఆఫ్ ది ఫైర్‌ఫ్లైస్’తో జంటగా. ఒకే ఆటలో అంత యుద్ధ విషాదమూ, ఇంత అడవి వింతా! పిల్లల్ని వెంటబెట్టుకెళ్లిన పెద్దల అవస్థ ఊహించుకోవచ్చు.

కథ 1950ల నాటిది. తల్లి ఆసుపత్రిలో ఉంటే అక్కచెల్లెళ్లు సత్సుకి, మెయ్ తండ్రితో కలిసి పల్లెలోని పాత ఇంటికి వస్తారు. మియజాకి తల్లి కూడా వెన్నెముక క్షయతో ఏళ్ల తరబడి బాధపడ్డారు. సినిమాలో దుర్మార్గుడు లేడు. టొటొరో అనే అడవి జీవిని చూశానని చిన్నది చెబితే తండ్రి నవ్వి కొట్టిపారేయడు. పిల్లల్ని తీసుకెళ్లి ఇంటి దగ్గరి మహావృక్షానికి మొక్కిస్తాడు. ఇక బస్‌స్టాప్ ఘట్టం. వాన, చీకటి, అక్క వీపున నిద్రపోతున్న చెల్లి, పక్కన తలపై ఆకు పెట్టుకున్న భారీ జీవి. సత్సుకి ఇచ్చిన గొడుగు మీద చినుకులు టపటపమంటే టొటొరో కళ్లు విప్పార్చి ఆనందిస్తాడు. చాలాసేపు ఏమీ జరగదు. ఆ నిరీక్షణను ఫ్రేము ఫ్రేముగా చేత్తో గీశారు. కజువో ఓగా వేసిన పచ్చటి నేపథ్యాలు లేకపోతే అంతసేపు చూపు నిలిచేదే కాదు.

థియేటర్లలో సినిమా అంతంతమాత్రంగానే ఆడింది. టీవీ ప్రసారాలూ మెత్తటి బొమ్మలూ దాన్ని ఇంటింటికీ చేర్చాయి. టొటొరో స్టూడియో ముద్రే అయ్యాడు. కథకు ప్రేరణైన సయామా కొండల్లో అడవిని కొని కాపాడే ఉద్యమానికీ ఆ పేరే పెట్టుకున్నారు.

1995లో ‘టాయ్ స్టోరీ’తో కంప్యూటర్ రాజ్యం మొదలైంది. అయినా మియజాకి 2008లో ‘పొన్యో’కు లక్షన్నరకు పైగా బొమ్మలు చేత్తోనే గీయించాడు. ఆయన ‘ది బాయ్ అండ్ ది హెరాన్’ 2024లో ఆస్కార్ గెలిచింది. ఇండో-జపనీస్ చిత్రం ‘రామాయణ: ది లెజెండ్ ఆఫ్ ప్రిన్స్ రామ’ 2025లో తెలుగు డబ్బింగ్‌తోనూ మన థియేటర్లకు వచ్చింది, అదీ చేతి గీతే.

టొటొరో నిడివి 86 నిమిషాలు. పిల్లలతో కలిసి చూడండి. బస్‌స్టాప్ దగ్గర మాత్రం దయచేసి రిమోట్ ముట్టుకోకండి.